రామప్ప పంతులు కడుపున పుట్టిన శంకరశాస్త్రి

2023 నవంబరులో మా కోటబొమ్మాళి పేరు సినిమా పోస్టర్ల మీదకు ఎక్కింది. మలయాళంలో వచ్చిన ‘నాయాట్టు’ కథను తెలుగులోకి తెచ్చి, దానికి మా పోలీసు స్టేషను పేరే పెట్టి ‘కోటబొమ్మాళి పి.ఎస్.’ అన్నారు. 1991లో తెరమీదకు వచ్చి ముప్పై ఏళ్ళు దాటినా నిలదొక్కుకున్న శ్రీకాంత్ అందులో హెడ్ కానిస్టేబుల్. సిక్కోలు జానపదం ఒకటి ఆ సినిమాలో పాటై, పెళ్ళి ఊరేగింపుల్లో కుర్రాళ్ళచేత గంతులు వేయించింది. రైలు ఆగీ ఆగకుండా వెళ్ళిపోయే ఊరి పేరు తెలంగాణలో, సీమలో జనం నోట వినపడుతుంటే మాకు ముచ్చటగా ఉండదూ!

నాకు మాత్రం ఆ పోస్టరు చూసినప్పుడల్లా ఇక్కడికి దగ్గర్లోనే ఉన్న మరో ఊరు మనసులో మెదిలేది. పెద్ద రోడ్డు పట్టుకుని శ్రీకాకుళం వైపు వెళ్తుంటే నరసన్నపేట తగులుతుంది. ఆ మండలంలోది లుకలాం అగ్రహారం. జొన్నలగడ్డ వెంకట సోమయాజులు 1928లో పుట్టింది అక్కడే. అయిదేళ్ళకు, 1933లో, తమ్ముడు వెంకట రమణమూర్తి పుట్టారు. లోకానికి అన్న శంకరశాస్త్రి, తమ్ముడు గిరీశం. సినిమాకు మా ఊరి పేరు పెట్టుకుంటే వారం పదిరోజులు సందడి. ఈ అన్నదమ్ములు మా మట్టి నుంచి తీసుకువెళ్ళింది అంతకంటే చాలా పెద్దది, నెమ్మదిగా తయారైంది. దాన్ని గురించి చెప్పుకోవలసినంతగా మేమే చెప్పుకోలేదు.

1980 ఫిబ్రవరి 2న ‘శంకరాభరణం’ విడుదలైంది. తెరమీద కనిపించిన పెద్దాయనను చూసి జనం, ఈయన ఎవరు, నిజంగానే సంగీత విద్వాంసుడా అని ఒకరినొకరు అడిగారు. నిలువెత్తు మనిషి, నెరిసిన జుట్టు, మాట్లాడితే నాభి నుంచి వచ్చే గొంతు, మాట్లాడకపోతే అంతకంటే గట్టిగా వినపడే మౌనం. పత్రికలన్నీ యాభై దాటాక దొరికిన కొత్త నటుడని రాశాయి. దొరికిన మాట నిజమే. కొత్త అన్న మాట దగ్గరే నాకు పేచీ. సినిమావాళ్ళు ఆయనను చూసేసరికి ఆ నటన పాతికేళ్ళకు పైబడి కాగి, చిక్కబడి, గిన్నెలో సిద్ధంగా ఉంది. కాచిన పొయ్యి విజయనగరంలో ఉంది. కాగింది రామప్ప పంతులనే ఒక దుర్మార్గుడి వేషంలో. ఇదే నేను చెప్పదలచుకున్నది.

*

ముందు విజయనగరం సంగతి. గురజాడ అప్పారావు ‘కన్యాశుల్కం’ మొదటిసారి రంగమెక్కింది ఆ ఊళ్ళోనే, 1892 ఆగస్టులో, జగన్నాథ విలాసినీ సభవారి చేతుల మీదుగా. 1897లో పుస్తకమైంది. తర్వాత గురజాడ దాన్ని దాదాపు తిరగరాసి, అయిదంకాలను ఏడంకాలు చేసి, 1909లో మళ్ళీ అచ్చువేశారు. ఇప్పుడు మనం కన్యాశుల్కం అంటున్నది ఈ రెండోదాన్నే. చదవడానికి ఎంత బాగుంటుందో ఆడడానికి అంత కష్టపెట్టే నాటకం. ఉన్నది ఉన్నట్టు ఆడితే తెల్లవారిపోతుంది. పద్యాల మీద, హార్మోనియం మీద బతుకుతున్న ఆనాటి నాటక కంపెనీలకు ఇందులో పట్టుకు వేలాడడానికి ఒక్క రాగం లేదు. ఉన్నదల్లా మాట. అదీ విజయనగరం వీధుల్లో, అగ్రహారాల అరుగుల మీద, సానివాడలో, కోర్టు వసారాల్లో ఎవరి నోటికి ఎలా వస్తే అలా వచ్చే మాట. నటుడికి మాట మీద పట్టు లేకపోతే మొదటి అంకంలోనే దొరికిపోతాడు.

1950ల మొదట్లో ఈ నాటకాన్ని మళ్ళీ చేతిలోకి తీసుకున్నవాళ్ళు ఈ అన్నదమ్ములు. తమ్ముడు గిరీశం, అన్న రామప్ప పంతులు. ఏడంకాలనూ ఒక రాత్రి కూర్చుని చూడగలిగే నిడివికి కుదించారు. ఆ కుదింపు చిన్న పని కాదు. గురజాడ రాసిన వాక్యం తీసేస్తే దాని వెనక నాలుగు వాక్యాలు కుంటుతాయి. ఏది ఉంచాలో, ఏది వదలాలో నటుడి చెవికి తెలియాలి. 1955లో పి. పుల్లయ్య తీసిన సినిమాలో ఎన్టీ రామారావు గిరీశం వేశారు, సి.ఎస్.ఆర్. ఆంజనేయులు రామప్ప పంతులు వేశారు, సావిత్రి మధురవాణి. అంతటివాళ్ళు వేసి చూపించాక కూడా రంగస్థలం మీద గిరీశమంటే రమణమూర్తే అని ఉత్తరాంధ్ర పట్టుబట్టింది. నాలుగు దశాబ్దాలు దాటి ఆయన ఆ వేషం వేస్తూనే ఉన్నారు.

అన్న వేషం సంగతి అంత తేలిక కాదు. గిరీశం ఎన్ని అబద్ధాలాడినా నవ్విస్తాడు, జనం క్షమించేస్తారు. రామప్ప పంతులు రామచంద్రపురం అగ్రహారంలో కరణం. దొంగ దస్తావేజులు పుట్టిస్తాడు, దావాలు వేయిస్తాడు, పెళ్ళిళ్ళు కుదిర్చి కమీషను నొక్కుతాడు, మధురవాణి అనే సానిని ఉంచుకుని ఆమె కంటెనే అద్దెకిచ్చినట్టు ఇంకొకరి పెళ్ళికి ఇచ్చేస్తాడు. ఆ కంటె తిరిగిరాక, మధురవాణి నిలదీస్తే వణికిపోతాడు. పైకి పెద్దమనిషి, లోపల పిరికిపంద. ఈ రెండూ ఒకేసారి కనపడాలి. ఒట్టి విలనుగా వేస్తే నాటకం చస్తుంది, ఒట్టి హాస్యగాడుగా వేస్తే గురజాడ చస్తాడు.

మొదటి అంకంలోని మంచం ఘట్టం తలుచుకోండి. మధురవాణి ఇంట్లో పంతులు ఉండగా గిరీశం వస్తాడు, పంతులు మంచం కిందకు దూరతాడు. కాసేపటికి పూటకూళ్ళమ్మ చీపురు పట్టుకుని వస్తుంది, గిరీశం కూడా అదే మంచం కిందకు. ఇద్దరు గొప్ప మగవాళ్ళూ ఆ ఇరుకులో ఒకరి మొహం ఒకరు చూసుకునే తీరు తెలుగు నాటకంలో అంతకు ముందు లేదు, ఆ తర్వాత లేదు. మా ప్రాంతంలో ఆ ఇద్దరూ సొంత అన్నదమ్ములు. పక్కవాడి ఊపిరి ఎప్పుడు తెగుతుందో, ఎక్కడ ఆగుతాడో ఇంట్లో నేర్చుకున్నవాళ్ళు. అందుకే ఆ జంటకు మరో జంట సాటి రాలేదని నా గట్టి నమ్మకం.

సోమయాజులు గారి ఉద్యోగం రెవెన్యూ శాఖలో. డిప్యూటీ కలెక్టరు హోదా దాకా ఎదిగారు. పగలు ఫైళ్ళు, అడంగల్లు, పట్టాల తగాదాలు, చేతులు కట్టుకుని నిలబడి మెత్తగా అబద్ధమాడే పెద్దమనుషులు. రాత్రి రిహార్సలు. రామప్ప పంతులు జాతి మనుషులను ఆయన పుస్తకంలో చదివి ఊహించుకోవలసిన పనేమీ ఉండి ఉండదు. ఆఫీసు గదిలో కూర్చుంటే వాళ్ళే వచ్చి ఎదురుగా నిలబడి ఉంటారు. ఇది నా ఊహే, కానీ ఆయన పంతులు వేషంలో కనిపించిన ఆ అధికారపు బింకం, కళ్ళద్దాల మీంచి చూసే చూపు, మాట మింగేసి మళ్ళీ కక్కే పద్ధతి, ఇవన్నీ ఎక్కడో చూసి పట్టినవే తప్ప గాలిలోంచి వచ్చినవి కావు. అధికారి గాంభీర్యం కూడా అక్కడిదే. పదిమంది మాట్లాడుతుంటే ఒక్కడు మాట్లాడకుండా కూర్చుని ఆ గదినంతా తన వైపు తిప్పుకోవడం ఉద్యోగంలో నేర్చుకునే విద్య. శంకరశాస్త్రికి కావలసింది సరిగ్గా అదే.

ఇంకొకటి కూడా విజయనగరమే ఇచ్చింది. 1919లో అక్కడ సంగీత కళాశాల పెట్టారు, ఆదిభట్ల నారాయణదాసు మొదటి అధ్యక్షుడు. తర్వాత ద్వారం వెంకటస్వామి నాయుడు. సాలూరు నుంచి వచ్చిన పట్రాయని సీతారామశాస్త్రి దగ్గర ఘంటసాల పాఠం చెప్పుకున్నది ఆ కళాశాల రోజుల్లోనే. సుశీల పుట్టి పెరిగింది ఆ ఊళ్ళోనే. అలాంటి ఊళ్ళో ఒక విద్వాంసుడు కండువా ఎలా సవరించుకుంటాడో, వీధిలో ఎంత నెమ్మదిగా నడుస్తాడో, అపస్వరం చెవిన పడితే కనుబొమ ఎంతవరకు ముడిపడుతుందో తెలుసుకోవడానికి ప్రత్యేకంగా పాఠం అక్కర్లేదు. కళ్ళు తెరిచి తిరిగితే చాలు.

*

ఇప్పుడు సినిమా దగ్గరకు వద్దాం.

శంకరాభరణం తీసిన ఏడిద నాగేశ్వరరావుది అప్పటి తూర్పు గోదావరి జిల్లా కొత్తపేట. నిర్మాత కాకముందు నాటకాలాడి, సినిమాల్లో చిన్న వేషాలు వేసినవారు. కె. విశ్వనాథ్ వాహినీ స్టూడియోలో శబ్దగ్రహణం దగ్గర మొదలుపెట్టి దర్శకుడైనవారు. కళ్ళకంటే ముందు చెవి పనిచేసే మనిషి. ఆయన రాసుకున్న కథకు డ్యూయెట్లు లేవు, ఫైట్లు లేవు, కుర్రహీరో లేడు. భార్య పోయిన ఒక పెద్దవయసు సంగీత విద్వాంసుడు, ఆయనను దేవుడిలా చూసే ఒక వేశ్య కూతురు తులసి. అప్పట్లో తెలుగు సినిమా అంటే మాస్ హీరోల ఉధృతి. ఆ వేషానికి పెద్ద తారల పేర్లు తలపుకు వచ్చాయని చెప్పుకుంటారు. వచ్చే ఉంటాయి. అయితే పేరున్న హీరో వేస్తే జనం చూసేది హీరోను. శాస్త్రిని చూడాలంటే మొహం కొత్తది కావాలి, నటన పాతది కావాలి. ఈ రెండూ ఒకే మనిషిలో దొరికేది నాటకాల్లోనే. సోమయాజులు అలా వచ్చారు.

ఈ సినిమాలో ఎవరెవరున్నారో ఒకసారి చూడండి. మాటలు రాసిన జంధ్యాల నాటక రచయితగా పేరు తెచ్చుకుని వచ్చినవాడు. అల్లు రామలింగయ్య నాటకాల నుంచి వచ్చారు, నిర్మలమ్మ నాటకాల నుంచి వచ్చారు, నిర్మాత నాటకాల నుంచి వచ్చారు. తెలుగు సినిమాకు ఇంత గౌరవం తెచ్చిన చిత్రం నిజానికి తెలుగు రంగస్థలం కట్టిన కానుక. ఈ సంగతి శంకరాభరణం గురించి రాసేవాళ్ళు తరచు మరిచిపోతారు.

రంగస్థలం నటుడికి కెమెరా ముందు మొదటి గండం తగ్గడం. వెనక వరసలో చాప మీద కూర్చున్న ముసలమ్మ దాకా గొంతు పంపడం అలవాటైన మనిషి, మూడడుగుల దూరంలో ఉన్న కెమెరాకు అదే గొంతు పంపితే వికారంగా ఉంటుంది. చెయ్యి సగమే లేవాలి. కన్ను పావు వంతే తిరగాలి. శాస్త్రిగా ఆయన చాలాచోట్ల ఏమీ చేయరు. తులసి తన ఇంట్లో ఉండిపోయిందని ఊరు వెలి వేస్తుంది, కచేరీలో పక్కవాయిద్యాల వాళ్ళు లేచి వెళ్ళిపోతారు, ఆయన కూర్చునే ఉంటారు. బాలు మహేంద్ర కెమెరా ఆ మొహాన్ని వదలదు. ఆ మొహంలో కోపం, అవమానం, ఇవేవీ విడివిడిగా కనిపించవు, మనమే చదువుకోవాలి. పాతికేళ్ళు పిరికివాడి మొహాన్ని ప్రేక్షకులకు విప్పి విప్పి చూపించిన మనిషికే ధీరుడి మొహాన్ని మూసి ఉంచడం తెలిసింది. ఏది ఎంత విప్పితే ఏమవుతుందో రామప్ప పంతులు దగ్గర లెక్క తేల్చుకున్నారు కనక.

రెండో గండం పాట. గొంతు బాలసుబ్రహ్మణ్యంది. శాస్త్రీయ సంగీతం పద్ధతిగా నేర్చుకోని బాలు చేత ఆ పాటలు పాడించడానికి కె.వి. మహదేవన్, ఆయన సహాయకుడు పుహళేంది పడ్డ శ్రమ పెద్ద కథ. బాలుకు, వాణీ జయరామ్‌కు, మహదేవన్‌కు ముగ్గురికీ జాతీయ పురస్కారాలు వచ్చాయి. తెరమీద పెదవి కదపవలసినది మాత్రం పాటగాడు కాని సోమయాజులు. మామూలు సినిమా పాటకు పెదవి కలపడం వేరు, మధ్యమావతిలో గమకాలతో, స్వరకల్పనతో సాగే పాటకు కలపడం వేరు. ఇందులో నటుణ్ణి పట్టిచ్చేది పెదవి కాదు, ఊపిరి. గాయకుడు ఎక్కడ గాలి పీల్చాడో నటుడి ఛాతీ అక్కడే లేవాలి. మెడనరం ఉబ్బవలసిన చోట ఉబ్బాలి. తొడ మీద తాళం వేసే చెయ్యి ఒక్క దెబ్బ తప్పినా తెలిసినవాళ్ళు నవ్వుతారు. ఇక్కడ మళ్ళీ కన్యాశుల్కమే అక్కరకు వచ్చిందని నేననుకుంటాను. గురజాడ వచనం ఊపిరి మీద నడిచే వచనం. ఎక్కడ ఆగాలో, ఎంత దూరం ఒక్క దమ్ములో లాగాలో తెలియకుండా ఆ పాత్రలు పలకలేరు. వందల రాత్రులు ఆ మాటలు పలికిన మనిషికి ఎదుటివాడి ఊపిరిని పసిగట్టి తనదిగా చేసుకోవడం కొత్త కాదు. చాలామంది ఆయనను నిజమైన విద్వాంసుడే అనుకున్నారంటే కారణం అది.

ఇక అన్నింటికంటే నన్ను ఎక్కువగా ఆలోచింపజేసే సంగతి. కన్యాశుల్కంలో రామప్ప పంతులు పక్కన ఉన్నది మధురవాణి. శంకరాభరణంలో శంకరశాస్త్రి పక్కన ఉన్నది తులసి. ఇద్దరూ సానివాడ ఆడవాళ్ళు. మధురవాణిని పంతులు డబ్బిచ్చి ఉంచుకుంటాడు, ఆమె తెలివికి భయపడతాడు, ఆమె వస్తువు కాజేస్తాడు. తులసిని శాస్త్రి ముట్టుకోడు, ఒక్క మెప్పుమాట కూడా పైకి అనడు, కానీ ఆమెను కాదన్న ఊరిని తాను కాదనుకుంటాడు. ఆమె మీద అత్యాచారం చేసిన జమీందారును ఆమె పొడిచేస్తే, ఆమెకు నీడ ఇస్తాడు. ఒకే నటుడు జీవితంలో సగం రోజులు మొదటి మగవాడిగా నిలబడి, తర్వాత రెండో మగవాడిగా నిలబడ్డాడు. మంజుభార్గవి తులసిగా వంగి నమస్కరించినప్పుడు ఆయన చూపులో ఒక జంకు లాంటిది కనిపిస్తుంది. దగ్గరకు రానివ్వాలో, దూరంగా ఉంచాలో తేలని చూపు. మధురవాణిని అన్నేళ్ళు పక్కన పెట్టుకున్న నటుడు తెచ్చుకున్న బరువు అందులో ఉందని నాకు అనిపిస్తుంది. అగ్రహారం మగవాడికి సానివాడ ఆడదానికి మధ్య ఉన్న దూరాన్ని గురజాడ 1892లో ఒకవైపు నుంచి కొలిస్తే, విశ్వనాథ్ 1980లో ఇంకోవైపు నుంచి కొలిచారు. రెండు కొలతలకూ నిలబడ్డ మనిషి లుకలాం అగ్రహారంలో పుట్టినవాడు.

మొదట్లో సినిమాను కొనేవాళ్ళు ముందుకు రాలేదు. విడుదలైన రోజుల్లో హాళ్ళు పల్చగా ఉన్నాయి. చూసినవాళ్ళు చెప్పగా చెప్పగా నిండాయి. తమిళనాట, కన్నడనాట, కేరళలో కూడా జనం ఎగబడి చూశారు. సకుటుంబంగా చూడదగ్గ ఉత్తమ ప్రజాదరణ చిత్రంగా జాతీయ స్వర్ణకమలం వచ్చింది. 1981లో ఫ్రాన్సులోని బెజాన్‌సాన్ చలనచిత్రోత్సవంలో ప్రేక్షకుల బహుమతి వచ్చింది. సోమయాజులుకు ఫిల్మ్‌ఫేర్ ఉత్తమ నటుడి పురస్కారం. విశ్వనాథే 1985లో ‘సుర్ సంగమ్’ పేరుతో దీన్ని హిందీలో తీసినప్పుడు శాస్త్రి పాత్రకు ఎంచుకున్నది గిరీశ్ కర్నాడ్‌ను. ఆయనా నాటకాల మనిషే.

*

ఆ తర్వాతి కథ గబగబా చెప్పుకోవచ్చు. ప్రభుత్వం ఆయనను సాంస్కృతిక శాఖకు సంచాలకుణ్ణి చేసింది. బాపు ‘వంశవృక్షం’లో వేశారు, బాపు ‘త్యాగయ్య’లో త్యాగరాజే అయ్యారు. 1981లో విశ్వనాథ్ ‘సప్తపది’లో యాజులు. మనవరాలిని హరిజన యువకుడి చేతిలో పెట్టే వైదిక బ్రాహ్మణుడి పాత్ర. ఆ నిర్ణయానికి ముందు యాజులు తనలో తాను నలిగిపోయే తీరు శంకరశాస్త్రికి ఏమాత్రం తక్కువది కాదు. ఈ సినిమాకు జాతీయ సమైక్యత పురస్కారం వచ్చింది. తమిళంలో భాగ్యరాజ్ ‘ఇదు నమ్మ ఆళు’లో ఆచారవంతుడైన శాస్త్రి, హిందీ ‘ప్రతిబంధ్’లో ముఖ్యమంత్రి. చాలా సినిమాలే చేశారు. అయితే వాటిలో ఎక్కువ భాగం అంగవస్త్రం, విభూతి, పెద్దరికం. పరిశ్రమ శాస్త్రిని చూసింది, పంతులును చూడలేదు. నక్కజిత్తులు, పిరికితనం, దొంగ గాంభీర్యం, ఇవన్నీ చేతివేళ్ళ మీద ఆడించగల నటుడిని దగ్గర పెట్టుకుని ఒక్క మంచి రామప్ప పంతులు తరహా వేషం తెరమీద ఇవ్వలేకపోయారు. ఇది సినిమాకు జరిగిన నష్టం. ఇన్నేళ్ళ తర్వాత కూడా తలుచుకుంటే నాకు కష్టంగానే ఉంటుంది.

మరోచోట దీనికి ఎదురుగా జరిగిన కథ ఉంది. ఫిలిప్పీన్స్‌లో ఎడ్డీ గార్సియా అనే నటుడు ఉండేవాడు. 1929లో పుట్టాడు, అంటే మన సోమయాజులు ఈడువాడే. సైన్యంలో పనిచేస్తూ అనుకోకుండా వేషాల ఎంపికకు వెళ్ళి, 1949లో మొదటి సినిమా చేశాడు. దశాబ్దాల పాటు విలను. జనం తెర మీద చూసి పళ్ళు కొరికేంత విలను. ఆ వేషాలు వేస్తూనే దర్శకుడయ్యాడు, తండ్రుల, తాతల పాత్రలకు వచ్చాడు, ఎనభై తొమ్మిదేళ్ళ వయసులో 2018 నాటి ‘రెయిన్‌బోస్ సన్‌సెట్’లో, ముసలితనంలో తన ప్రేమ సంగతి కుటుంబానికి బయటపెట్టే మాజీ సెనేటరుగా నటించి దేశాన్ని కంటతడి పెట్టించాడు. అక్కడి పరిశ్రమ అతని దుర్మార్గాన్నీ వాడుకుంది, మంచితనాన్నీ వాడుకుంది. 2019లో ఒక టీవీ ధారావాహిక షూటింగులో నేల మీది కేబులు కాలికి తట్టుకుని పడ్డాడు, కోలుకోలేదు. సెట్లలో పనిచేసేవాళ్ళ భద్రత కోసం 2024లో ఆ దేశం చేసిన చట్టానికి అతని పేరే పెట్టారు. డెబ్భై ఏళ్ళు నటించిన మనిషికి అంతకంటే గౌరవం ఏముంటుంది! ప్రతినాయకుడిలో పెద్దమనిషిని చూడగలిగిన వాళ్ళు అక్కడ ఉన్నారు. ఇక్కడ విశ్వనాథ్ చూశారు. పెద్దమనిషిలో మళ్ళీ ప్రతినాయకుణ్ణి చూసినవాళ్ళే మనకు కరువయ్యారు.

తమ్ముడి ప్రయాణం అన్నకు భిన్నం. రమణమూర్తి 1957లోనే కె.బి. తిలక్ ‘ఎం.ఎల్.ఎ.’తో సినిమాల్లోకి వెళ్ళారు. నూటయాభై దాకా చిత్రాలు చేశారు. నాయకుడిగా మొదలై, తండ్రిగా, డాక్టరుగా, జడ్జిగా, పక్కన నిలబడే మంచివాడిగా సాగారు. అన్న ఒక్క సినిమాతో ఎక్కిన మెట్టు తమ్ముడికి అన్ని సినిమాల్లోనూ అందలేదు. ఆ లోటు ఆయన కనపరచలేదు, ఎందుకంటే గిరీశం ఉన్నాడు. రంగమెక్కితే ఆ ఊరు ఆయనదే.

మా జిల్లా ఆమదాలవలసలో పుట్టిన శరత్‌బాబును కూడా ఈ వరసలోనే చెప్పాలి. అసలు పేరు సత్యంబాబు దీక్షితులు. 1973లో ‘రామరాజ్యం’తో మొదలుపెట్టి, 2023 మేలో కన్నుమూసే దాకా తెలుగు, తమిళం, కన్నడం, మలయాళం అని చూడకుండా రెండు వందలకు పైగా సినిమాలు చేశారు. ‘సీతాకోకచిలుక’, ‘సాగరసంగమం’, తమిళంలో ‘ముల్లుం మలరుం’. నాటకాల దారి ఆయనది కాదు, సరాసరి తెర మీదకు నడిచారు. అరుపులు లేని నటన మాత్రం ఆయనకూ వచ్చింది. మా వైపు మనుషులు మాటలో ఎంత గడుసో నిలుచున్నప్పుడు అంత నిమ్మళం. సిక్కోలు యాస అనగానే సినిమాల్లో నవ్వించడానికి వాడుకునేవాళ్ళు ఈ రెండో సంగతిని కాస్త పట్టించుకుంటే బాగుండును.

మా ఊళ్ళో కొత్తమ్మతల్లి జాతరకు ఇప్పటికీ జనం పోటెత్తుతారు. జాతర రాత్రుల్లో ఊరి మాస్టరు, పోస్టాఫీసు గుమాస్తా, తాలూకాఫీసు ఉద్యోగి మొహానికి రంగు పూసుకుని వేషం కట్టే కాలం మా జిల్లా అంతటా ఉండేది. తెల్లారితే మళ్ళీ ఎవరి ఉద్యోగం వాళ్ళది. సోమయాజులు ఆ కోవలో మనిషి. ఆయనకు ఒక్కరికి విశ్వనాథ్ ఎదురయ్యారు. ఎదురుకాక, తమ ఊరి పందిరి కిందే వెలిగి ఆరిపోయిన నటులు ప్రతి మండలానికీ ఇద్దరు ముగ్గురు ఉంటారు. వాళ్ళ ఫొటోలు ఇంకా గోడలకు ఉన్నాయి, వాళ్ళను చూసినవాళ్ళు ఇంకా అరుగుల మీద ఉన్నారు. మన కాలేజీల తెలుగు శాఖలు పిల్లల చేతికి ఒక రికార్డరు ఇచ్చి ఈ అరుగుల మీదకు పంపవలసిన అవసరం ఇవాళ ఉంది. ఇంకో పదేళ్ళు ఆగితే అడగడానికి ఎవరూ మిగలరు.

సోమయాజులు 2004 ఏప్రిల్ 27న, రమణమూర్తి 2016 జూన్ 22న వెళ్ళిపోయారు. శంకరాభరణం తర్వాత కూడా కన్యాశుల్కం ప్రదర్శనలు ఆగలేదు. నలభై అయిదేళ్ళ కాలంలో అన్నదమ్ములు కలిసి ఆడినవి దాదాపు 500 అని లెక్క. గండపెండేరం తొడుక్కున్న శంకరశాస్త్రిని ప్రత్యక్షంగా చూద్దామని టిక్కెట్టు కొనుక్కుని వచ్చినవాళ్ళ ఎదుట, ఆ మహానుభావుడు గిరీశం వేషంలో వచ్చే తమ్ముడికి జడిసి మంచం కింద దూరేవాడు.